పేరు లేని గడి

రెండో నెల, ఏడో తేదీ
(ఇది పట్నం లెక్క. నీకు అక్కరకు రాదు, చూడ్డానికి బాగుందని రాశాను.)

వదినా,

ఈ ఉత్తరం అందేసరికి నువ్వు గుడారం ముందు కూర్చుని మా అన్నయ్యని తిడుతూ ఉంటావని నాకు తెలుసు. కాసేపు ఆపి ఇది చదువు. మళ్లీ ఎక్కడ ఆపావో అక్కణ్ణుంచి మొదలుపెట్టుకోవచ్చు.

అచ్చాఫీసులో నా ఉద్యోగం ఖాయమైంది. గది ఇరుకు, కిటికీ అంతకన్నా ఇరుకు. గోడ పొడుగునా చెక్క అరలు, అరల నిండా సీసపు అక్షరాలు. ఒక్కొక్కటీ ఏరి తలకిందులుగా పేర్చాలి. సాయంత్రానికి నా వేళ్లు నీ వంట గిన్నె అడుగులా తయారవుతాయి. ఏం తిన్నా ఇంకు వాసనే. మా యజమాని రెండు చెవుల మీద రెండు పెన్సిళ్లు పెట్టుకుని మూడో పెన్సిలు కోసం రోజంతా వెతుకుతుంటాడు. నేను ఆయనకి పెన్సిళ్లాయన అని పేరు పెట్టాను. పేర్లమ్మ కూతుర్ని కదా, చెయ్యి ఊరుకోదు.

ఇక్కడ ప్రతి గోడకీ క్యాలెండరు ఉంటుంది. రోజులకి పేర్లుండవు, అంకెలుంటాయి. మొన్న పెన్సిళ్లాయన, "ఆకాశంలో ముగ్గురు చంద్రులున్నారు కదా, మీ ఎడారిలో ఎవర్ని బట్టి నెల లెక్కపెడతారు?" అని అడిగాడు. "ముగ్గురూ మూడు మాటలు చెప్తారండీ, అందుకే ముగ్గుర్నీ నమ్మం. బావిని నమ్ముతాం. బావిలో నీళ్లున్నన్నాళ్లూ ఒక నెల. నీళ్లయిపోయి గుడారాలు ఎత్తేశామంటే నెల అయిపోయినట్టు. మొదటి బావికి తిరిగొస్తే ఏడాది" అన్నాను. ఆయన పెన్సిలు కొరికేశాడు.

కొరికింది ఉమ్మేసి, "మీ వాళ్లకి క్యాలెండరు అచ్చేద్దాం, ఉప్పు వర్తకులు కొంటామంటున్నారు" అన్నాడు. రాని రోజుకి ముందే పేరెలా వేస్తాం, రోజు గడిచాక సాయంత్రం అందర్నీ కూర్చోబెట్టి ఆ రోజు ఏం జరిగిందో చూసి మా అమ్మ పేరు పెడుతుంది, ఒకసారి పెట్టిన పేరు మళ్లీ పెట్టదు అని చిలక్కి చెప్పినట్టు చెప్పాను. "నిరుటి పేర్లే వెయ్యమ్మా. రోజులు ఎక్కడికి పోతాయి? మళ్లీ అవే వస్తాయి" అన్నాడు. ఉద్యోగం కొత్త. నోరు మూసుకుని నిరుటి రోజులన్నీ వరసగా పేర్చేశాను. నా తర్వాత నువ్వే అని అమ్మ చిన్నప్పట్నుంచీ వల్లె వేయించింది కదా, ఒక్కటీ తప్పు పోలేదు.

ఉప్పు బండిలో ఒక కాపీ పంపుతున్నాను. అమ్మకి చూపించు. తిడుతుందో మురుస్తుందో రాయి. నా పేరు అచ్చులో లేదు గానీ, ప్రతి అక్షరం నా చెయ్యి తగిలిందే.

నీ అర్ధమొగుడు,
ఆడపడుచు


చేదబావి నెల
గురక తాత నిద్రలో పాట పాడిన రోజు

మహారాజశ్రీ ఆడపడుచు గారికి వదిన రాసేది,

మీ అన్నని తిట్టడం ఆపలేదు. ఒక చేత్తో ఉత్తరం, ఒక నోటితో తిట్లు, రెండూ జరుగుతూనే ఉన్నాయి.

నీ కాగితాన్ని గుడారం నడిమి గుంజకి కట్టాం. చదవడం వచ్చినవాళ్లు నలుగురు, చదివినట్టు తలూపేవాళ్లు మిగతా అందరూ. మొదటి గడిలో "అల్లుడు అలిగిన రోజు" అని ఉంది. నిరుడు అలిగిన ఆ అల్లుడు ఈసారి మహా కులాసాగా ఉన్నాడు. జనం ఊరుకుంటేనా? "ఏమయ్యా, నీ రోజొచ్చింది, ఇంకా అలగలేదేం?" అని పొద్దుట్నుంచీ చెవిలో ఇల్లు కట్టుకుని పోరితే, మధ్యాహ్నానికి నిజంగానే అలిగి ఒంటెల వెనక్కి వెళ్లి కూర్చున్నాడు. కాగితం ఎంత గొప్పదో అని అందరూ ముక్కున వేలేసుకున్నారు.

తర్వాత "దొంగిలించిన మేక దొరికిన రోజు". దొరకాలంటే ముందు పోవాలి కదా. ఎవరూ దొంగతనానికి ముందుకు రాకపోతే గురక తాత చేత మేకని దాయించారు. ఎక్కడ దాచాడో ఆయన మర్చిపోయాడు. మేక ఇప్పటికీ దొరకలేదు. ఇక "అత్తాకోడళ్లు ఒక్క మాట మీదున్న రోజు" వచ్చింది. ఊరంతా మా చుట్టూ చేరింది. ఇద్దరం మనస్ఫూర్తిగా ప్రయత్నించాం. ముందు ఎవరు ఒప్పుకోవాలన్న దగ్గరే సాయంత్రమైపోయింది.

మీ అమ్మ మొదట నీ కాగితాన్ని చూసి, "ఆలు లేదు చూలు లేదు కొడుకు పేరు సోమలింగమని, రాని రోజుకి పేరేంటే?" అని మూతి తిప్పింది. సాయంత్రం ఎప్పట్లాగే తన పేరు తను పెడుతోంది. కాబట్టి ఇప్పుడు మాకు రోజుకి రెండు పేర్లు, పొద్దున అచ్చుది, సాయంత్రం మీ అమ్మది. కానీ ఎవరూ చూడనప్పుడు గుంజ దగ్గరికి వెళ్లి నీ అక్షరాల్ని వేలితో తడుముతోంది. మురిసిందనే రాసుకో.

ఒక మాట అడగాలి. మంచినీళ్ల బావి నెలలో ఒక గడి ఖాళీగా ఉంది. తెల్లగా, చుక్క ఇంకు లేకుండా. సీసం అయిపోయిందా, నీ ఓపిక అయిపోయిందా? మీ అమ్మ ఆ గడి మీద వేలు పెట్టి చాలాసేపు నిలబడింది. నేనేమీ అడగలేదు, తనూ ఏమీ అనలేదు. మేమిద్దరం ఒకేసారి నోరు మూసుకోవడం నీకు తెలిసి ఎప్పుడైనా జరిగిందా?

వదిన
(మేక కనిపిస్తే పంపు)


మంచినీళ్ల బావి నెల
వంట గిన్నె అంటుకున్న రోజు

ఏమే అమ్మాయీ,

నీ జవాబు రాలేదు. బండివాడు దారిలో పడుకున్నాడో, నువ్వు అక్కడ పడుకున్నావో తెలియదు. ఈ ఉత్తరంలో వేళాకోళం లేదు, కాస్త కూర్చుని చదువు.

తెలియక చేశావని అనుకోలేను, నువ్వు పేర్లమ్మ కూతురివి. మన లెక్కలో పేరు లేకుండా పోయే రోజు ఒక్కటే. పేర్లమ్మ పోయిన రోజు. పేరు పెట్టే నోరే మూతపడ్డాక పేరెవరు పెడతారు? మర్నాడు సాయంత్రం ఇంకొకరు నోరు తెరిచి పేరు పెడితే, వాళ్లే పేర్లమ్మ. మీ అమ్మమ్మ పోయిన రోజుకి పేరు లేదు. ఆవిడకి ముందున్నావిడ పోయిన రోజుకీ లేదు. ఇప్పుడు నువ్వు అచ్చేయించి పంపిన కాగితంలో ఈ బావి దగ్గర ఒక రోజుకి పేరు లేదు. మన గుడారాల్లో పేర్లమ్మ ఎవరు? నువ్వే చెప్పు.

మీ అమ్మ ఏడుస్తుందేమో అని భయపడ్డాను. ఏడవడమా! గర్వంతో నేల మీద కాలు ఆనడం లేదు. గుడారం గుడారానికీ తిరిగి, "నా కూతురు పట్నంలో అచ్చాఫీసులో ఉంది. నేను పోయే రోజు ముందే కనుక్కుని అచ్చేయించి పంపింది. మీ కూతుళ్లు ఏం పంపారు? ఒక దుప్పటైనా పంపారా?" అని అడిగి వస్తోంది. వాళ్లు తలొంచుకుంటున్నారు.

సామాను పంచడం మొదలుపెట్టింది. మంచి దుప్పటి గురక తాతకి. తోలుసంచి మీ అన్నకి. నాకు ఇత్తడి అద్దం ఇచ్చింది, "ముఖం చూసుకుని మాట్లాడటం నేర్చుకో" అంటూ. ఇవ్వడం కూడా తిట్టినట్టే ఇస్తుంది మహాతల్లి. అద్దం తీసుకుని బయటికొచ్చి, అందులో చూసుకోకుండానే మూటలో దాచేశాను.

నేను ఈ ఇంటికి వచ్చిన రోజు నుంచి ఈవిడకీ నాకూ యుద్ధం. ఉప్పు దగ్గర యుద్ధం, నీళ్ల దగ్గర యుద్ధం, ఒంటెకి ముందు ఎటు వైపు మూట కట్టాలన్న దాని మీద యుద్ధం. యుద్ధం మధ్యలో శత్రువు గుడారం ఎత్తేసుకుని పోతే నేనేం కావాలి? ఎవరితో మాట్లాడాలి? మీ అన్నతోనా? ఆయన "ఊ" అనడానికే రెండు రోజులు ఆలోచిస్తాడు.

ఆ గడి దగ్గరపడుతోంది. అదేంటో వెంటనే రాయి. వేళాకోళానికి చేసి ఉంటే మాత్రం, అర్ధమొగుడివని కూడా చూడను.

వదిన


మూడో నెల, రెండో తేదీ

వదినా,

చేదబావి దగ్గర్నుంచి రాసిన నీ ఉత్తరం ఇవాళే అందింది. అల్లుడి అలక చదివి ఎంత గట్టిగా నవ్వానంటే చేతిలో అక్షరాల పలక జారిపోయి సీసం అంతా నేల పాలైంది. పెన్సిళ్లాయన ఏమిటని అడిగితే చెప్పాను. ఆయనా నవ్వాడు. నవ్వి, ఏరమన్నాడు.

ఖాళీ గడి సంగతి నీకు ముందే రాయాల్సింది. అన్నయ్యకి మాత్రం చదివి వినిపించకు. అది లాగు రోజు!

మర్చిపోలేదుగా? నిరుడు పక్క గుడారాల వాళ్లు బావి వంతు మాట్లాడుకోవడానికి పెద్దమనుషుల్ని వెంటేసుకుని వచ్చారు. అన్నయ్య తనకున్న ఒక్క లాగూ ఉతికి ఇసుకదిబ్బ వెనక ఆరేసుకుని, ఆరేదాకా అక్కడే కూర్చుందామనుకున్నాడు. గాలొచ్చింది. లాగు లేచింది. లాగు వెనకాల అన్నయ్య లేచాడు. పెద్దమనుషుల మధ్య నుంచి, వంట పొయ్యిల మధ్య నుంచి, నీ కళ్ల ముందు నుంచి. వాళ్లు బావి వంతు సంగతి మర్చిపోయి లేచి దారిచ్చారు. ఆ సాయంత్రం అమ్మ ముఖంలో ఒక్క గీత కదలకుండా, "నా కొడుకు లాగు ఎగిరిన రోజు" అంది. తను నవ్వలేదు కాబట్టే మనం అంత నవ్వాం.

అదే పేర్చి ఇచ్చాను. పెన్సిళ్లాయన ప్రూఫు చూసి ఎర్ర పెన్సిలుతో కొట్టేశాడు. "సంసారులు గోడకి తగిలించుకునేదమ్మా ఇది. గాలి వీచిన రోజు అని వెయ్యి" అన్నాడు. మా అమ్మ పెట్టిన పేరు మార్చే హక్కు నాకు లేదు, మీకు అసలే లేదు అన్నాను. అరగంట వాదించుకున్నాం. చివరికి ఆయన మాటా కాదు, నా మాటా కాదు, గడి ఖాళీగా పోయింది. నేను గెలిచాననే అనుకున్నాను. ఇక్కడ ఖాళీ గడి అంటే సెలవు.

రెండోసారి కూడా అచ్చేస్తున్నారు. అమ్మతో చెప్పు.

నీ అర్ధమొగుడు


మంచినీళ్ల బావి నెల
నా కూతురు అబద్ధం రాసిన రోజు
(పేరు మీ అమ్మది. నన్ననకు.)

అమ్మాయీ,

నీ ఉత్తరం చదివి నా ప్రాణం లేచొచ్చింది. అన్నకి చదవొద్దన్నావు గానీ, ప్రాణం కన్నా లాగు ఎక్కువా? అందర్నీ పిలిచి గట్టిగా చదివాను. పెద్దమనుషులు దారివ్వడం దగ్గరికి వచ్చేసరికి ఆడవాళ్లు ఇసుకలో దొర్లారు. మీ అన్న లేచి వెళ్లిపోయి ఒంటెల మధ్యలో నిలబడ్డాడు. ఈమధ్య అక్కడ మగవాళ్లకి చోటు చాలడం లేదు.

మీ అమ్మ ఒక్కతే నవ్వలేదు.

"అలాంటి రోజేదీ లేదు" అంది. నువ్వే కదా పేరు పెట్టావు అన్నాం అందరం. "నేను పెట్టలేదు. తొందరపడి పంపినందుకు పిల్ల బాధపడి కథ అల్లింది. మీరంతా దానికి తాళం వేస్తున్నారు. నన్ను చిన్నపిల్లని చేసి ఊరుకోబెట్టకండి" అని తీసిపారేసింది. నేను మళ్లీ చెప్పబోతే చెయ్యెత్తి ఆపింది.

నాకు సంగతి అర్థమైంది. ఇది మొండితనం. నిన్ను రప్పించడానికి ఆడుతున్న నాటకం. నువ్వు పట్నం వెళ్లిన దగ్గర్నుంచీ ఆవిడకి మా అందరి మీదా కోపమే, అది తీర్చుకునేది మాత్రం నా మీద. ఈ నెల మొదట్లో ఒకసారి "వంట గిన్నె అంటుకున్న రోజు" అని పెట్టింది. సరే, అంటుకుంది. నిన్నగాక మొన్న మళ్లీ అదే పేరు! ఆ రోజు గిన్నె అంటుకోనే లేదు. నా వంట మీద కక్షతో తన పద్ధతే తను కాలరాసుకుంది. అందరూ నా వైపు చూశారు. నేను పళ్లు కొరుక్కుని ఊరుకున్నాను.

భయం వేరే ఉంది. బావి అడుగుకి వచ్చేసింది. చేద వేస్తే బురద వస్తోంది. ఆ ఖాళీ గడి మర్నాడు గుడారాలు ఎత్తెయ్యాలని అనుకున్నారు. మీ అమ్మ, "నా గడి ఈ బావి దగ్గరే ఉంది. పోతే ఆ రోజు పోతాను, కాస్త ఆలస్యమైనా ఇక్కడే పోతాను. మీరు వెళ్లండి" అంటోంది. నీళ్లు లేనిచోట మనిషి ఎన్నాళ్లుంటుంది? ఎత్తి ఒంటె మీద వేస్తే దూకుతుంది. ఆవిడ సంగతి నీకు తెలుసు.

నువ్వు వచ్చి నీ చోట కూర్చో. సాయంత్రం నువ్వు నోరు తెరిస్తే ఆవిడ లేస్తుంది. ఇంకో దారి నాకు కనిపించడం లేదు.

వదిన


మూడో నెల, ఇరవయ్యో తేదీ

వదినా,

నీ ఉత్తరాలు రెండూ ఒకే రోజు వచ్చాయి. ముందు రాసింది రెండోది చదివాక చదివాను.

అమ్మ ఆడుతున్న నాటకం అన్నావు. ఒక్కతే ఆడుతోందా? నువ్వూ పక్కన నిలబడి అందిస్తున్నావేమో అనిపించింది. నేను వెళ్లేటప్పుడు "చూద్దాం ఎన్నాళ్లుంటావో" అన్నది నువ్వే. నాకు ఇక్కడ ఒక పని దొరికింది, ఒక గది దొరికింది, అది మీకు కంటగింపయింది. నన్ను లాక్కెళ్లడానికి చావు దాకా ఎందుకు? జ్వరం అని రాసినా వచ్చేదాన్ని.

పై ముక్క చింపేద్దామనుకున్నాను. కాగితం ఒక్కటే ఉంది. ఉండనీ, నా బుద్ధి నీకు కొత్త కాదు.

భయంగా ఉంది వదినా. పొద్దున ప్రూఫు దిద్దుతుంటే ఏడుపు ఆగలేదు. పెన్సిళ్లాయన చెవుల మీది పెన్సిళ్లు రెండూ తీసి బల్ల మీద పెట్టి, "వెళ్లు" అన్నాడు. బండి దగ్గరికి పరిగెత్తాను. ఉప్పు బండివాడు ఎక్కించుకోనన్నాడు. "ఉప్పు మాట్లాడదు, నువ్వు మాట్లాడతావు, అంత దూరం నా వల్ల కాదు" అన్నాడు. మనుషుల్ని తీసుకెళ్లే ఒంటెలు బయల్దేరడానికి ఇంకా టైముంది. ఎలా లెక్కేసినా ఆ గడి దాటాకే చేరతాను. మా అమ్మని నేనే చంపినట్టవుతుంది, అదీ ఒక లాగు పేరు కోసం మంకుపట్టు పట్టి.

ఇంకో నిజం. నువ్వు నా చోటు అంటున్నావే, అక్కడ నేను కూర్చోలేను. రేపు ఏ తేదీయో ముందే తెలిసి ఉండటం నాకు నచ్చింది. సాయంత్రమయ్యేసరికి ఇంతమంది నా నోటి వైపు చూడకపోవడం హాయిగా ఉంది. అమ్మతో చెప్పే ధైర్యం లేక నీతో చెప్తున్నాను.

ఒక పని చెయ్యి. నువ్వు లాగు కథ చెప్పకు. అమ్మ చేత చెప్పించు. తను చెప్పినట్టు ఎవరూ చెప్పలేరు. నోరు విప్పి సగం చెప్పేసరికి నాటకం మర్చిపోయి తనే లేచి కూర్చుంటుంది. నన్ను తిట్టినా సరే, లేపు.

ఆడపడుచు


కొత్త బావి నెల
ఉప్పు బండి వచ్చిన రోజు

అమ్మాయీ,

ముందు అసలు మాట. మీ అమ్మ బతికే ఉంది. ఇప్పుడు ఊపిరి పీల్చుకుని మిగతాది చదువు. నీ ఉత్తరంలో పై ముక్కకి జవాబు నువ్వు వచ్చాక చేత్తో ఇస్తాను.

ఖాళీ గడి ముందు రోజు బండివాడు నీ ఉత్తరం తెచ్చాడు. నువ్వు చెప్పినట్టే చేశాను. గుడారంలో మేమిద్దరమే ఉన్నాం. "చచ్చేదానివి ఎలాగూ చస్తావు గానీ అత్తయ్యా, ఆ లాగు కథ ఒక్కసారి చెప్పి చావు" అన్నాను. మీ అమ్మ నా వైపు చూసింది. "గాలొచ్చింది" అంది. ఆగింది. మళ్లీ, "గాలొచ్చింది" అంది. తర్వాత నా చెయ్యి పట్టుకుని మెల్లిగా, "ఎవరిదే ఆ లాగు?" అని అడిగింది.

వేళాకోళం అనుకున్నాను. ముఖం చూశాను. అందులో వేళాకోళం లేదు.

"మీరంతా నవ్వుతుంటే లోపలంతా వెతికానే. ఆ రోజు నాలో లేదు. దానికి ముందు రోజు ఉంది, తర్వాత రోజు ఉంది. అది లేదు. దాని కాగితంలోనూ తెల్లగానే ఉంది. రెండూ కలిశాయి, అందుకే నమ్మాను. అదొక్కటే కాదు, చాలా పోతున్నాయి. గిన్నె అంటుకున్న రోజని రెండుసార్లు పెట్టాను. నీ ముఖం చూశాక తెలిసింది. నువ్వు విని కూడా ఊరుకున్నావు. ఇన్నేళ్లలో నువ్వు ఊరుకున్నది అదొక్కసారే" అంది.

నేను ఊరుకున్నది కోపంతో అని ఆవిడతో చెప్పలేదు. పరువు కాపాడాననే అనుకోనీ. నాటకమని నీకు రాశాను, మొండితనమని రాశాను. పక్కనే పడుకునే నాకు తెలియలేదు, పట్నంలో ఉన్న నిన్నేం అనను? ఆ పూట ఇద్దరం ఒకరి చెయ్యి ఒకరం పట్టుకుని కూర్చున్నాం. ఏడ్చాం కూడా. ఎవరికైనా చెప్పావో, చూసుకో.

మర్నాడు జనం పొద్దుటే మంచి బట్టలు వేసుకుని వచ్చేశారు. పక్క గుడారాల నుంచి కూడా వచ్చారు. అంతమందికి నీడ ఎక్కణ్ణుంచి తేను? గురక తాత అందరికన్నా ముందు పడుకున్నాడు. ఆయన గురక ఆగినప్పుడల్లా జనం ఇటు వదిలేసి అటు పరిగెత్తారు. మీ అమ్మకి ఒళ్లు మండిపోయింది. "నా రోజునాడు కూడా వీడి గోలేంటి?" అంది. నీళ్లు మాత్రం ముట్టుకోలేదు.

పొద్దు వాలింది. అందరూ గుండ్రంగా కూర్చున్నారు. మీ అమ్మని లేపి గుంజకి ఆనించాను. పేరు చెబుతుందేమోనని చూస్తున్నాం. నోరు తెరిచింది. మాట రాలేదు. మళ్లీ తెరిచింది. ఇంతమందిలో ఆవిడ అలా నోరు తెరుచుకుని ఉండటం నేను చూడలేకపోయాను. నా మణికట్టు మీద ఆవిడ వేళ్లు బిగుసుకున్నాయి. నేను ఏమీ ఆలోచించలేదు. లేచి నిలబడి, "ఎవరూ పోని రోజు" అని అరిచాను.

మీ అమ్మే ముందు నోరు విప్పింది.

"జరగనిదానికి పేరు పెడతారటే ఎక్కడైనా?"

"అయితే ఇంకోటి నువ్వు చెప్పు."

"నాకేం పని? పెట్టేశావుగా. నీళ్లివ్వు, ఆకలి కూడా వేస్తోంది. ఇంకాస్త గట్టిగా చెప్పు, వెనక వాళ్లకి వినపడలేదు."

అంతే. రోజుకి పేరు వచ్చింది కాబట్టి ఆ రోజు ఆవిడ పోలేదు. పేరు నేను పెట్టాను కాబట్టి ఇక ఆ పని నాది. మర్నాడు గుడారాలు ఎత్తేశాం. ఒంటె ఎక్కేటప్పుడు మూట తప్పుగా కట్టానని నన్ను నలుగురిలో కడిగేసింది. అంత హాయిగా ఎప్పుడూ తిట్లు తినలేదు.

కాబట్టి నీ చోటు పోయింది. నువ్వు కోరుకున్నదే కదా, అయినా కాస్త గుచ్చుకుంటుందని తెలుసు. గుచ్చుకోనీ. అక్షరాలు పేర్చుకో, తేదీలు లెక్కపెట్టుకో. కానీ ఆ మనుషుల ఒంటెలు ఎప్పుడు బయల్దేరితే అప్పుడు ఎక్కి రా. ఇంకో నెల ఆగుదామని అనుకోకు, మా నెలకి లెక్క లేదు. మీ అమ్మ ఇవాళ పొద్దున నిన్ను పేరు పెట్టి అడిగింది. రేపటి సంగతి నేను ముందే చెప్పలేను.

ఇప్పుడు రోజూ సాయంత్రం పేరు పెట్టడం అయ్యాక లాగు కథ చెప్పించుకుంటోంది. ప్రతిసారీ కొత్తగా విని కళ్లనీళ్లొచ్చేలా నవ్వుతుంది. మొదట్లో మీ అన్న లేచి వెళ్లిపోయేవాడు. ఇప్పుడు తనే చెబుతున్నాడు, పరిగెత్తి చూపిస్తున్నాడు కూడా. నిన్న అంతా విని, "ఎవడే ఆ సిగ్గులేనివాడు?" అని నన్నడిగింది. నేను జవాబు చెప్పేలోపే మీ అన్న వెళ్లి ఎదురుగా కూర్చుని, "నేనేనమ్మా" అన్నాడు.

మీ అమ్మ ఆయన ముఖాన్ని కాసేపు చూసింది. "దొరికిందా మరి?" అంది.

"లేదమ్మా."

"పోనీలేరా. చలి రాకముందే ఇంకోటి కుట్టిస్తాను" అంది.

వదిన